అదే నా మాట

ఆషాఢ శుద్ధ విదియ

పొద్దున్నే పోటు గట్టిగా వచ్చి కుర్చీల గది ఒక పక్కకి ఒరిగింది. తాతబ్బాయి కూర్చున్న కుర్చీ జారుకుంటూ పోయి, ఎదురుగా ఉన్న నూకరత్నం మోకాళ్ళకి తగిలింది. ఈ మధ్య కాలంలో ఆ మొగుడూ పెళ్ళాలు అంత దగ్గరకి రావడం ఇదే. నేను నవ్వాపుకుని కుర్చీ కాళ్ళని నేలలో ఉన్న కొక్కేలకి తగిలించాను.

కొక్కేలు తగిలించడం, తడిసిన చాపలు ఆరేయడం, గొంతుపట్టీలకి ఎండ చూపించడం, మాట్లాడుకోని ఆలుమగల చేత మాట్లాడించడం, చివరికి ఏం జరిగిందో ఇలా రాసిపెట్టడం. నీళ్ళ మీద తేలే మా తెప్పపేట పంచాయతీ నాకిచ్చిన పని ఇదే. పేరు మంగతాయారు అయినా జనం కుర్చీలమ్మ అంటారు. పెళ్ళే చేసుకోనిదానివి మా కాపురాలేం చక్కదిద్దుతావని మొహం మీదే అడిగినవాళ్ళున్నారు. ఈత రానివాడే పడవని జాగ్రత్తగా కడతాడని చెబుతాను. ఎవరూ నమ్మరు, కానీ గోడలు రేకువి కాబట్టి వస్తారు. ఒక తెప్ప మీద తగువైతే వరసంతా అన్నం మానేసి వింటుంది. ఆలుమగల కోపం అద్దం మీద పెసరగింజ అని పెద్దవాళ్ళన్నారు గానీ, మా ఊళ్ళో అద్దమే ఒకచోట నిలవదు.

నేను ఈ పనిలోకి వచ్చిన కొత్తలో, కోపం వస్తే నోట్లో నీళ్ళు పోసుకుని కాసేపు ఉండమనేదాన్ని. మంచినీళ్ళు దానికి ఖర్చు చేయకూడదని పంచాయతీ ఆపేసింది. సముద్రపు నీళ్ళు పోసుకోమంటే ఒకరి మీద ఒకరు ఉమ్ముకున్నారు. ఆటు తీసినప్పుడే తగువులాడండి, పోటప్పుడు నోరు మూసుకోండి అని ఒక పద్ధతి పెట్టాను. ఆటు కోసం కాచుక్కూర్చుని మరీ తిట్టుకున్నారు. గొంతుపట్టీలు వచ్చాకే నా గదికి మర్యాద వచ్చింది.

పట్టీ మెడకి చుట్టుకుని ఎదుటివాళ్ళ కుర్చీలో కూర్చోవాలి. అప్పుడు మనం మాట్లాడితే వాళ్ళ గొంతు వస్తుంది. ఆ గొంతుతో వాళ్ళ బాధ మనం చెప్పాలి. సరిగ్గా చెప్పామనిపిస్తే ఆ గొంతు సొంతదారు "అదే నా మాట" అంటాడు. ఆ మాట వినబడేదాకా కుర్చీలోంచి లేవకూడదు. ఈ రూలు నాదే. కొందరు పూటంతా కూర్చుండిపోయారు. ఒకాయన అన్నం కూడా అక్కడికే తెప్పించుకున్నాడు.

తాతబ్బాయి, నూకరత్నాల తగువు తూకం గురించి. ఊరి కింద పీపాలు ముసలివైపోయి, ఏటేటా కొంచెం కొంచెం కిందికి దిగుతున్నాం. ఈ పున్నమి వెళ్ళిన మర్నాడు తూకం. బరువు తగ్గడానికి సగం మంది నేల మీదున్న కొండవాడకి వెళ్ళాలి, సగం మంది ఇక్కడే ఉండాలి. ఎవరికి వాళ్ళు ఒంటరిగా కాటా గదిలోకి వెళ్ళి, వెళ్తానో ఉంటానో తన నోటితో చెప్పాలి. కొండవాడ వాళ్ళు ఊరి తలుపు ఒకసారి మూస్తే మళ్ళీ తూకం దాకా తెరవరు. పోయిన తూకం నా చిన్నప్పుడు జరిగింది.

తాతబ్బాయి ఉంటానంటాడు. నూకరత్నం వెళ్దామంటుంది. పిల్లలు లేరు, ఒకరికొకరే. ఈ రోజు ఎవరూ ఎవరి కుర్చీలోకీ మారలేదు. కుర్చీలు కట్టేసినందుకు నా మీద విసుక్కుని వెళ్ళిపోయారు.

ఆషాఢ శుద్ధ నవమి

ఈ రోజు మారారు.

ముందు నూకరత్నం లేచి వెళ్ళి అతని కుర్చీలో కూర్చుంది. పట్టీ కట్టుకోగానే ఆ సన్నటి మనిషి నోట్లోంచి తాతబ్బాయి బొంగురు గొంతు వచ్చింది. ఎన్నిసార్లు విన్నా నాకు అలవాటు కాలేదు. నేల మీద కాలు పెడితే కళ్ళు తిరుగుతాయని, కదలని చోట నిలబడలేనని, నలుగురిలో పడిపోతానని సిగ్గని చెప్పింది. ఇవన్నీ ఊరికి తెలిసినవే. తెప్ప మీద పుట్టినవాళ్ళలో కొందరికి ఆ జబ్బుంది. ఆ తర్వాత ఇలా అంది.

"ఇక్కడ పీపాకి చిల్లడితే అర్ధరాత్రైనా తాతబ్బాయ్ తాతబ్బాయ్ అని నన్నే కేకేత్తారు. అక్కడ నాతో ఎవరికి పనుంటది?"

తాతబ్బాయి తల వంచుకున్నాడు. ఈ మాట అతను ఎన్నడూ అనలేదని నాకు తెలుసు. తల ఎత్తకుండానే, అదే నా మాట అన్నాడు.

తర్వాత అతను ఆమె కుర్చీలో కూర్చున్నాడు. మీసాల కింద నుంచి నూకరత్నం గొంతు వచ్చింది.

"నేల కింద నీళ్ళు కొడతా ఉంటే నాకు నిద్దరట్టదు. కళ్ళు మూసుకుంటానంతే. పెళ్ళైన కాడ్నుంచీ అంతే. నేను కదిలితే నీ నిద్దర చెడిపోద్దని కదలను."

నూకరత్నం అతన్నే చూస్తూ, ఇది నీకెవరు చెప్పారు మావా అని అడిగింది. నిద్రపోయేవాళ్ళ ఊపిరి వేరేగా ఉంటుందని, తనకి ఎప్పటినుంచో తెలుసునని అతను ఆమె గొంతుతోనే చెప్పాడు. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, అదే నా మాట అంది.

ఇక మాట తేల్చుకుంటారేమో అనుకున్నాను. కానీ ఇద్దరి మొహాలూ పచ్చి పుండులా ఉన్నాయి. ఇప్పుడే గోకితే చెడుతుందని, తూకం దాకా ఆ ఊసు ఇంట్లో ఎత్తకూడదని ఇద్దరి చేతా ఒట్టు వేయించాను. ఈ వారం రోజులూ ఎదుటివాళ్ళ కుర్చీలోనే ఉన్నామనుకుని మసలుకోండి, కాటా గదిలో ఏం చెప్పాలో దానంతట అదే తెలుస్తుంది అన్నాను. బుద్ధిగా తలలూపారు. వంతెన మీద ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని వెళ్ళడం కిటికీలోంచి చూశాను.

నా పనితనానికి నేనే మురిసిపోయి, రాత్రికి ఇంకో ఎండుచేప ఎక్కువ కాల్చుకున్నాను.

ఆషాఢ బహుళ విదియ

నిన్న తూకం అయింది. ఈ రోజు కాటా లోవరాజు గారు మెగాఫోనులో పేర్లు చదివారు. ఊరంతా వంతెనల మీదే ఉంది. నేను చాపలు ఆరేస్తూ వింటున్నాను.

తాతబ్బాయి, వెళ్తాడు. నూకరత్నం, ఉంటుంది.

పేర్లు తారుమారు చదివాడు ఈ ముసలాయన, కళ్ళజోడు మార్చుకోమంటే వినడు అని పక్కావిడతో నవ్వాను కూడా. తర్వాత ఎదురు వంతెన మీద వాళ్ళిద్దరూ కనిపించారు. ఇద్దరూ ఒకరినొకరు చూసుకుంటున్నారు. ఆశ్చర్యం ఒక్క క్షణమే ఉంది. తర్వాత ఇద్దరికీ ఒకేసారి అర్థమైంది. నాకు కూడా అప్పుడే అర్థమైంది.

అతను ఆమె కోరిక చెప్పి వచ్చాడు. ఆమె అతని కోరిక చెప్పి వచ్చింది. ఊసెత్తవద్దని ఒట్టు వేయించింది నేను. ఎదుటి కుర్చీలో ఉన్నామనుకోమన్నదీ నేనే. కొండనాలుకకి మందేస్తే ఉన్న నాలుక ఊడిందంటారే, అది నా చేతి మందే.

చాపలు అక్కడే వదిలేసి కాటా గదికి పరుగెత్తాను. లోవరాజు గారు మంచివారే. కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ విన్నారు. ఒక్క మనిషి బరువైతే ఎటువైపైనా సర్దగలనన్నారు, అమావాస్యకి కొండవాడ పడవ కదిలేదాకా. అయితే ఇద్దరిలో ఎవరో ఒకరు వచ్చి తన నోటితో మార్చుకోవాలి. ఒకరి తరఫున ఒకరు చెబితే చెల్లదు. పోయినసారి మగాళ్ళే ఇంటిల్లిపాది తరఫునా చెప్పేసి, ఎంతమంది ఆడవాళ్ళని ఏడిపించారో ఆయన గుర్తు చేశారు. గుర్తు చేయనక్కర్లేదు. ఆ ఏడ్చినవాళ్ళలో మా అమ్మ ఉంది. ఈ రూలు కావాలని ఊరంతా తిరిగి వేలిముద్రలు వేయించినవాళ్ళలో నేనున్నాను.

అయినా గుండె కుదుటపడింది. ఇందులో ఏముంది, ఎవరో ఒకరు మార్చుకుంటే సరి అనుకున్నాను.

ఆషాఢ బహుళ పంచమి

సరికాలేదు.

ఇద్దరినీ పిలిచి, పట్టీలు పెట్టెలో పెట్టి తాళం వేశాను. ఎవరి కుర్చీలో వాళ్ళని కూర్చోబెట్టాను. ఈ రోజు ఎదుటివాళ్ళ సంగతి వద్దు, ఎవరి సొంత మాట వాళ్ళే చెప్పాలన్నాను.

నీకేం కావాలని ముందు నూకరత్నాన్ని అడిగాను. నిజంగానే వెతుక్కుంటున్నట్టు గది చుట్టూ చూసింది. "ఆయనకి నేల మీద కళ్ళు తిరుగుతాయండి" అంది. అది ఆయన మాట, నీది చెప్పమన్నాను. అదేనండి నాది, అంది.

తాతబ్బాయిని అడిగాను. దానికి నిద్దరుండదండి అన్నాడు.

తలుపు తెరిచి కాసేపు గాలి పీల్చుకుని మళ్ళీ వచ్చాను. విషయం విడమరిచి చెప్పాను. ఇద్దరూ ఒకచోట ఉండాలంటే ఎవరో ఒకరు తన కోరిక తాను తీర్చుకోవాలి. తాతబ్బాయి ఉంటానన్నా సరే, రత్నం వెళ్తానన్నా సరే. త్యాగం ఎవరూ చేయనక్కర్లేదు, ఇప్పటికే ఇద్దరూ చేసి చెడగొట్టారు. కాస్త స్వార్థం చాలు.

అప్పుడు తగువు మొదలైంది. పాత తగువులో ఎవరి వైపు వాళ్ళు లాక్కునేవారు. ఈ తగువులో ఒకరినొకరు తోసుకున్నారు. నువ్వు నిద్దర్లేక అరిగిపోతా ఉంటే నేను పీపాల చిల్లులకి మాటేసుకుంటా బతకాలా అని అతను. కొత్త ఊళ్ళో పదిమందిలో నువ్వు తూలిపోతా ఉంటే నేను హాయిగా పడుకోవాలా అని ఆమె. గొంతులు లేచాయి. వరసంతా అన్నం మానేసిందని నాకు తెలుస్తూనే ఉంది.

పోనీ చీటీలు వేద్దామన్నాను. ఒప్పుకున్నారు. ఇద్దరూ వెళ్ళాలని, అంటే రత్నం మార్చుకోవాలని వచ్చింది. తాతబ్బాయి మొహం వెలిగిపోయింది. ఆ వెలుగు చూసి రత్నం లేచి నిలబడింది. "చూశారాండీ, నా కోసం ఎలా మురిసిపోతన్నాడో. ఇలాంటోణ్ణి తీసుకెళ్ళి నేల మీద పడేయమంటారా?" అని చీటీ చింపేసింది.

నా దగ్గరున్న పద్ధతులన్నీ ఒకరి మనసు ఒకరికి తెలియనివాళ్ళ కోసం తయారైనవి. ఒక్క చెడ్డ మాటకి అయిదు మంచి మాటలనండి అని చెబుదామంటే, వీళ్ళు చెడ్డ మాటే అనడం లేదు. కోపం చల్లారేదాకా వేరే గదుల్లో ఉండండి అందామంటే, ముందున్నదంతా వేరుగా ఉండటమే. ఇంతగా తెలిసినవాళ్ళని ఏం చేయాలో నాకెవరూ నేర్పలేదు. నాకు చేతకాదని మొదటిసారి వాళ్ళ ముందే ఒప్పుకున్నాను. పాపం, వాళ్ళే నన్ను ఓదార్చి వెళ్ళారు.

ఆషాఢ బహుళ దశమి

తాతబ్బాయి ఒక్కడే వచ్చాడు. తను వెళ్ళిపోతే పీపాలకి మాట్లు ఎవరు వేస్తారని దిగులు పడుతున్నాడేమో అనుకున్నాను. అతనికి దిగులేమీ లేదు. చెవి దగ్గరికి వంగి, గుట్టుగా చెప్పాడు.

"మీరు కంగారు పడకండమ్మా. పడవ తాళ్ళిప్పేటప్పటికి అదే ఎక్కేత్తది. నన్నొదిలి ఉండలేదు, నాకు తెలవదా. దానికి బలవంతాన మేలు చెయ్యాలండి, అడిగితే ఒప్పుకోదు."

మధ్యాహ్నం నీళ్ళ వంతు దగ్గర నూకరత్నం నా బిందె అందుకుని మోస్తూ, అదే మాట చెప్పింది. పడవకి వేసిన బల్ల తీసే వేళకి ఆయనే దిగిపోతాడని, ఆ మొండితనమంతా అప్పటిదాకేనని. అతని తిండి కంచం కడిగి బోర్లించి ఉంచిందట.

ఒంటరిగా చెప్పిన మాట రెండో కుర్చీకి చేరవేయకూడదు. ఈ గది నిలబడిందే ఆ నమ్మకం మీద. ఇన్నేళ్ళలో ఒక్కసారి కూడా తప్పలేదు. ఈ రోజు బిందె నీళ్ళు అక్కడే పెట్టి తప్పాను. అతను దిగడు రత్నం, నువ్వు ఎక్కుతావని అతను చూస్తున్నాడు అని చెప్పేశాను.

ఆమె జాలిగా నవ్వింది. "ఎక్కుతానని చూత్తాడండి. నేను ఎక్కనని తెలిశాక దిగుతాడు. మీకు తెలవదండి, ఆయన అంతే" అంది.

తిరిగి వెళ్ళి అతనికీ చెప్పాను. అతనూ అదే నవ్వు నవ్వాడు. నియమం తప్పిన పాపం దక్కింది గానీ ఫలితం దక్కలేదు.

ఆషాఢ అమావాస్య

అమావాస్య నాడు ప్రయాణమేమిటని ముసలివాళ్ళు గొణిగారు. ఇంత పెద్ద పోటు లేకపోతే ఆ పడవ బురద దాటదని లోవరాజు గారు చెప్పి ఎక్కించారు.

పొద్దున్నుంచీ మూటలు మోయడానికి సాయం చేశాను. చేతులు ఏదో ఒకటి పట్టుకుని ఉండాలనిపించింది. తాతబ్బాయి చిన్న సంచీతో ఎక్కి, బల్లకి దగ్గరగా అంచు పట్టుకుని నిలబడ్డాడు. నూకరత్నం బల్లకి ఈ చివర నిలబడింది. ఆమె చేతిలో మూట లేదు. అతని సంచీలో బట్టలు కూడా సరిగ్గా లేవని, నాలుగు పీపా బిరడాలు, ఒక సుత్తి ఉన్నాయని ఇంట్లో మిగిలినవి చూసి రత్నం తర్వాత చెప్పింది. అతను వెళ్ళడానికి సర్దుకోలేదు. ఆమె వస్తే తను నిజంగా వెళ్ళాల్సిందేనన్న సంగతి కూడా సరిగ్గా ఆలోచించుకున్నట్టు లేదు.

బల్ల పొడవు నాలుగు అడుగులు. నేను పక్కనే నిలబడి ఇద్దరినీ మార్చి మార్చి చూశాను. ఏడవడం లేదు ఎవరూ. ఇద్దరి మొహాల్లోనూ నమ్మకం ఉంది. అతని కళ్ళు రావే అంటున్నాయి, ఆమె కళ్ళు దిగు మావా అంటున్నాయి. ఇంత బాగా ఒకరి మాట ఒకరికి తెలిసిన జంటని నేను చూడలేదు. నాకు భయం వేసింది. రత్నాన్ని వెనక నుంచి తోసేద్దామా అనుకున్నాను. ఒక చెయ్యి ఎత్తాను కూడా. ఒకరి తరఫున ఒకరు చెల్లదు. చెయ్యి దించేశాను.

లోవరాజు గారు నా వైపు చూశారు. మాట మార్చేవాళ్ళున్నారా అని గట్టిగా, అందరికీ అన్నట్టు అడిగారు. రెండోసారి కూడా అడిగారు. ఆయన అలా అడగక్కర్లేదు. నా కోసం అడిగారు.

బల్ల లాగేశారు.

పడవకీ తెప్పకీ మధ్య నీళ్ళు కనబడ్డాక, తాతబ్బాయి ఒక కాలు అంచు మీదకి ఎత్తాడు. అదే సమయానికి నూకరత్నం ఒక అడుగు ముందుకి వేసింది. అతను ఆమె కదలడం చూసి, వస్తోందనుకుని ఆగిపోయాడు. ఆమె అతను కాలెత్తడం చూసి, దిగుతున్నాడనుకుని ఆగిపోయింది. పోటు పడవని తీసుకుపోయింది. ఎవరూ పేరు పెట్టి పిలవలేదు. బురద గట్టు దాటేదాకా అతను అలా ఒక కాలు అంచు మీద పెట్టుకునే నిలబడి ఉన్నాడు.

రత్నాన్ని ఇంటిదాకా దిగబెట్టి వచ్చాను. దారిలో ఏం చెప్పాలో తెలియలేదు. నేను మాటలు నేర్పే మనిషిని.

శ్రావణ శుద్ధ సప్తమి

ఊరు తేలికైంది. తెప్పలు జానెడు పైకి లేచాయి. వంతెనలన్నీ కొత్త ఎత్తుకి మళ్ళీ కట్టాల్సి వచ్చింది. మూడో వరసలో ఒక పీపా చిల్లుపడితే పాతికేళ్ళ కుర్రాడొకడు మాటు వేశాడు, అది రెండు రోజులు కూడా ఆగలేదు. అలవాటు కొద్దీ జనం తాతబ్బాయ్ అని కేకేసి, నాలిక కరుచుకుంటున్నారు.

కొండవాడ నుంచి రేడియోలో లెక్కలే వస్తాయి. అందరూ చేరారు, బియ్యం సరిపోయాయి, ఇద్దరికి జ్వరం. పేర్లు చదవరు. తాతబ్బాయి గురించి అడగమని లోవరాజు గారిని రోజూ వేధిస్తున్నాను. తలుపు వేసేశారమ్మా అంటారాయన. ఇక రెండు ఊళ్ళకీ మధ్య మాటలంటే బియ్యం, జ్వరం.

కొత్త జంట ఒకటి వచ్చింది. ఆమె కొనుక్కున్న గాజుల దగ్గర గొడవ. గొంతుపట్టీ ఇవ్వబోయి, చెయ్యి రాక, మీరే గట్టిగా అరుచుకోండని బయటికి వచ్చి కూర్చున్నాను. అరుచుకున్నారు. నాకు ఆ అరుపులు హాయిగా అనిపించాయి.

శ్రావణ పున్నమి

పొద్దున గది ఊడుస్తుంటే నూకరత్నం వచ్చింది. కళ్ళ కింద నల్లగా ఉంది. కంచం ఇంకా బోర్లించే ఉందట. పట్టీ ఒకసారి ఇస్తారాండీ అని అడిగింది. జంట లేకుండా ఇవ్వకూడదు. ఏ నియమం నిలబెట్టాను గనక, తాళం తీసి ఇచ్చాను.

ఆమె తాతబ్బాయి కుర్చీలో కూర్చుని, పట్టీ కట్టుకుని, ఎదురుగా ఉన్న తన కుర్చీ వైపు చూసింది. గదిలోకి ఆ బొంగురు గొంతు వచ్చింది. చీపురు నా చేతిలోనే ఉండిపోయింది.

"రత్నం. ఈడ నేల కదలట్లేదే. మంచం కోడు అట్టుకుని పడుకుంటన్నాను. పెందలాడే లేచి గోడలట్టుకుని నడక నేర్సుకుంటన్నాను. పడితే ఎవరూ నవ్వట్లేదులే. నువ్వు ఎక్కలేదని కోపం లేదే. నేను దిగాల్సింది. నువ్వు పడుకుంటన్నావా? కళ్ళు మూసుకుంటన్నావా?"

అక్కడితో ఆపి, పట్టీ విప్పి ఒళ్ళో పెట్టుకుంది. ఎదురు కుర్చీ ఖాళీగా ఉంది. ఆమె దాని వైపే చూస్తూ కూర్చుంది. దేని కోసం చూస్తోందో నాకు తెలుసు. ఆ మూడు మాటలు నేను అనేస్తే లేచి ఇంటికి పోతుందేమోనని నోటిదాకా వచ్చింది. అవి నా మాటలు కావు. ఒకరి తరఫున ఒకరు అనకూడదు.

ఆటు తీసింది. గది కొంచెం వంగింది, కుర్చీలు కొక్కేలకి కట్టి ఉన్నాయి కాబట్టి కదలలేదు. అన్నం వేళైంది. ఇంటికి పద రత్నం అన్నాను. ఆయన ఇంకా అనలేదండి, అంది.

అంటేగాని లేవకూడదని రూలు పెట్టింది నేనే. నేనూ చీపురు పక్కన పెట్టి కింద కూర్చున్నాను.